గేదె కంట్లో మెరుపు: మా ఇంటి ప్రాజెక్టు డైరీ

నవంబరు 8, శనివారం

స్పెషల్ క్లాసు అయ్యేసరికి ఆరున్నర దాటింది. స్కూటీ మీద నేను, వెనక మా అమ్మాయి. హైవే దిగి మా ఊరి రోడ్డెక్కాక ఒక్క స్తంభానికీ లైటు లేదు. చంద్రుడింకా రాలేదు. చెరువు మలుపు తిరగ్గానే నేలకు రెండడుగుల ఎత్తులో రెండు పచ్చటి చుక్కలు వెలిగాయి. చెయ్యి దానంతటదే బ్రేకు మీద పడింది. ఆగి చూస్తే రోడ్డుకు అడ్డంగా పడుకుని తాపీగా నెమరేస్తున్న గేదె. తారు రోడ్డు మీద నల్లటి గేదె, చుట్టూ చీకటి. అది మా వైపు తల తిప్పి ఉంది కాబట్టి బతికాం.

ఇంటికొచ్చాక కూడా గుండె దడ తగ్గలేదు. మా అమ్మాయి ఎనిమిదో తరగతి. అన్నం తింటూ అడిగింది: "అమ్మా, దాని కళ్లలో లైటెక్కడిది?"

ఫిజిక్స్ చెప్పేదాన్ని, జవాబు నోటికి వచ్చేసింది. కంటి వెనక అద్దం లాంటి పొర ఉంటుంది, వెలుతురును తిప్పి కొడుతుంది అన్నాను. "నువ్వు చూశావా ఆ పొర?" అంది. చూడలేదు. పదిహేనేళ్లుగా పరావర్తనం పాఠం చెబుతున్నాను, ఆ పొర రంగేమిటో కూడా నాకు తెలియదు.

అందుకే ఈ నోటుబుక్కు. చేయాల్సినవి మూడు అనుకున్నాం. ఆ పొరను కళ్లారా చూడాలి. దానివల్ల జంతువుకు ఏం లాభమో కొలిచి చూడాలి. అలాంటి కన్నొకటి చేతులతో తయారుచెయ్యాలి.

నవంబరు 9, ఆదివారం

మావయ్య గారికి నాలుగు గేదెలున్నాయి. రాత్రి ఎనిమిదికి పాకకు ముప్పై మీటర్ల దూరంలో నిలబడి టార్చి వేశాం. టార్చి నా నడుము దగ్గర పట్టుకున్నాను. కొమ్ములు కనిపించాయి, గడ్డివాము కనిపించింది, కళ్లు మాత్రం బూడిదరంగు చుక్కల్లా మసగ్గా ఉన్నాయి. నిన్న అంతగా వెలిగిన కళ్లు ఇవాళ ఎందుకిలా ఉన్నాయో అర్థం కాలేదు.

"నాకివ్వమ్మా" అని టార్చి తీసుకుని మా అమ్మాయి దాన్ని కణత దగ్గర, కంటి పక్కనే పెట్టుకుంది. వెంటనే "అమ్మా, వెలిగాయి!" అని అరిచింది. నేను పక్కనే నిలబడి ఉన్నాను, నాకు మామూలుగానే ఉన్నాయి. టార్చి నా కణత దగ్గరికి తెచ్చుకున్నాక కనిపించింది. ఎనిమిది దీపాలు, నీలం కలిసిన పచ్చదనం.

రాత్రి కూర్చుని లెక్క వేశాను. ముప్పై మీటర్ల దూరంలో టార్చి, నా కన్ను అరవై సెంటీమీటర్ల ఎడంగా ఉంటే ఆ రెండింటి మధ్య కోణం డిగ్రీకి కాస్త పైన. కణత దగ్గర పెడితే ఎడం ఆరు సెంటీమీటర్లు, కోణం డిగ్రీలో పదో వంతు. గేదె కంటిలోకి వెళ్లిన వెలుతురును ముందున్న కటకం వెనక గోడ మీద ఒక చుక్కగా చేరుస్తుంది. అక్కడ తగిలి వెనక్కి తిరిగిన వెలుతురు మళ్లీ అదే కటకంలోంచి, వచ్చిన దారినే పోతుంది. అంటే అది టార్చి దగ్గరికే తిరిగొస్తుంది. పక్కవాళ్లకు అందదు. గోడకున్న మామూలు అద్దం ఇలా చెయ్యదు, అది వెలుతురును ఏటవాలుగా ఇంకో వైపు పంపేస్తుంది.

మరి నిన్న స్కూటీ లైటు హ్యాండిల్ దగ్గరే ఉందిగా, ఎలా కనిపించింది అని మా అమ్మాయి పట్టు. మంచి ప్రశ్న. గేదె కన్ను కొలిచి చేసిన యంత్రం కాదు. తిరిగొచ్చే వెలుతురు కాస్త చెదిరి గరాటులా విచ్చుకుంటుంది. స్కూటీ లైటు మా టార్చికన్నా చాలా బలమైంది కాబట్టి ఆ గరాటు అంచు వెలుతురే మాకు సరిపోయింది. దీపం నా కంటి పక్కనే ఉండి ఉంటే గేదెను ఇంకా ముందే చూసేదాన్ని.

రేపు బజారులో నుదుటికి కట్టుకునే లైట్లు రెండు కొనాలి. రాత్రిపూట నీళ్లు పెట్టడానికి పొలం వెళ్లేవాళ్లు వాడేవి.

నవంబరు 12, బుధవారం

ఇవాళ చేసింది చిన్న పరీక్ష, కానీ నాకు ఎంతో నచ్చింది. పిల్లి కళ్లు చీకట్లో వాటంతటవే మండుతాయని మా అత్తయ్య గారి నమ్మకం. చిన్నప్పటి నుంచీ చూస్తున్నాను కదా అంటారు. ఆ మాట తీసెయ్యకుండా ఆవిడనే పిలిచాను. కిటికీ లేని ధాన్యం గదిలో తలుపు సందుల్లో గోనె సంచులు కుక్కి, నేను, అత్తయ్య గారు, అమ్మాయి, మా పిల్లి కూర్చున్నాం. మన కళ్లు చీకటికి అలవాటు పడాలి కాబట్టి పావుగంట ఆగాం. పిల్లి గుర్రుమంటున్న చప్పుడు వినపడుతోంది, ఒళ్లో దాని బరువు తెలుస్తోంది, కళ్లు మాత్రం ఎక్కడా కనపడలేదు. తలుపు వేలెడంత తీయగానే, ఆ సందుకు వీపు చేసి కూర్చున్న అత్తయ్య గారికి ఒక్కసారిగా రెండు పచ్చటి చుక్కలు. "అయితే వెలుతురు బయటిదేనన్నమాట" అన్నారు ఆవిడ.

1810లో ప్రెవో అనే ఆయన ఇదే మాట రాశాడు. పూర్తి చీకట్లో ఏ జంతువు కన్నూ మెరవదు, కోపం వచ్చినా భయం వేసినా సరే, బయటి వెలుతురు పడితేనే మెరుస్తుందని. అంతవరకూ చాలామంది కంట్లోనే ఏదో వెలుగుతుందని నమ్మేవారు.

నవంబరు 16, ఆదివారం

మొదటి కన్ను పాడైంది.

గేదె కన్ను దొరకడం కష్టం. మేక కన్నయితే మాంసం కొట్లో దొరుకుతుంది. మేక, గొర్రె, ఆవు, గేదె, గుర్రం, వీటన్నిటి కంటి వెనక పొర ఒకే రకం. కార్తీకం కావడంతో కొట్టు దగ్గర జనం పెద్దగా లేరు. "కళ్లెందుకు టీచరమ్మా?" అని అడిగి, చెప్పాక డబ్బులు కూడా తీసుకోలేదు భాయ్. నెల వెళ్లేదాకా ఇంట్లోకి తేవద్దని అత్తయ్య గారు ముందే చెప్పారు. అందుకని నిన్న సాయంత్రం తెచ్చిన కన్ను స్టీలు డబ్బాలో ఐసు ముక్కల మధ్య రాత్రంతా పాకలో ఉంది.

పొద్దున్న వేపచెట్టు కింద బల్ల వేసి కోశాం. బ్లేడు లోతుగా దిగింది. లోపలి జిగురంతా ఒక్కసారిగా బయటికి జారి, దాంతోపాటు వెలుతురును పట్టే సన్నటి పొర, నేత్రపటలం, నలిగి ముద్దైపోయింది. కటకం పాలలా తెల్లబడి ఉంది, రాత్రంతా ఐసులో ఉండటం వల్లే. మెరిసే పొర ముక్క ఒకటి కనిపించింది గానీ ఏది పైనో ఏది కిందో తెలియలేదు.

రాసుకోవాల్సినవి: కన్ను ఆ పూటదే కావాలి. గాటు పైపైన పెట్టి తర్వాత కత్తెర వాడాలి. కన్ను తీసేముందే పై వైపు దారం కట్టమని భాయ్‌కి చెప్పాలి.

నవంబరు 20, గురువారం, అమావాస్య

నుదుటి లైట్లు కట్టుకుని వరి పొలం గట్ల మీదికి వెళ్లాం. రేపు తెల్లవారుజామున పోలి దీపాలు వదలాలి, త్వరగా వచ్చేయండని అత్తయ్య గారు హెచ్చరించారు. తిరిగొచ్చేసరికి పదిన్నర.

గట్టు మీద అడుగు పెట్టగానే నేలంతా రవ్వలు చల్లినట్టుంది. మొదట మంచు బిందువులనుకున్నాం. మంచు బిందువు తల కదిలిస్తే తళుక్కుమని రంగు మారుస్తుంది. ఈ చుక్కలు మాత్రం కదలకుండా తెలుపు, నీలిపచ్చ రంగుల్లో వెలుగుతున్నాయి. ఒకదాని మీద చూపు తిప్పకుండా దాని దగ్గరికే నడిచాం. అడుగు దూరంలోకి వెళ్లి వంగితే సాలీడు. గూడు కట్టకుండా నేల మీద పరుగెత్తి వేటాడే రకం, తోడేలు సాలీడు అంటారు. వేలి గోరంత కూడా లేదు. అంత చిన్న కన్ను పదిహేను అడుగుల దూరం నుంచి మమ్మల్ని పిలిచింది!

దానికి ఎనిమిది కళ్లు. ముందు వరుసలో మధ్యనున్న జంట తప్ప మిగతా ఆరింటికీ వెనక మెరిసే పొర ఉంటుంది. ఆ జంట మాత్రం మెరవదు. మాకు బాగా వెలిగి కనిపించింది పైనున్న పెద్ద జంట.

ఒక చోట బోలెడు సన్నటి రవ్వలు గుంపుగా కనిపించాయి. దగ్గరికెళితే తల్లి సాలీడు, వీపు నిండా పిల్లలు. ప్రతి పిల్ల కళ్లూ విడివిడిగా మెరుస్తున్నాయి. మా అమ్మాయి చాలాసేపు గట్టు మీద బోర్లా పడుకుని లేవలేదు. నేనూ లేపలేదు.

దారిలో కప్పల కళ్లు కూడా మెరిశాయి. ఊళ్లోకి వచ్చాక మురుగు కాలువ దగ్గర పందుల మీద లైటు వేశాం. నాలుగు పందులు, నాలుగూ మా వైపే చూశాయి, ఒక్క కన్నూ వెలగలేదు. పందికి ఆ పొర లేదు. మనకూ లేదు. ఫ్లాష్ ఫొటోల్లో మన కళ్లు ఎర్రగా పడేది కంటి వెనకున్న రక్తం రంగు వల్ల.

కోతులకూ ఈ పొర ఉండదు. మన తూర్పు కనుమల దక్షిణపు అడవుల్లో ఉండే దేవాంగ పిల్లి కూడా కోతి జాతికి దూరపు చుట్టమే. అది రాత్రిపూట తిరిగేది, దానికి మాత్రం పొర ఉంది. లైటు వేస్తే నిప్పుకణికల్లా కనిపిస్తాయి దాని కళ్లు. రాత్రి సర్వేలో దాన్ని వెతికేది ఆ మెరుపును బట్టే.

నవంబరు 23, ఆదివారం

ఇవాళ చూశాను.

పొద్దున్న ఆరున్నరకే భాయ్ దగ్గర నిలబడ్డాం. ముందే చెప్పినట్టు రెండు కళ్లకూ పైవైపు తెల్లదారం కుట్టి ఇచ్చాడు. ఏడున్నరకల్లా వేపచెట్టు కింద ఉన్నాం. ఉప్పునీళ్ల గిన్నె, కొత్త బ్లేడు, గోళ్ల కత్తెర, చేతులకు గ్లవ్స్.

కన్ను దాదాపు మూడు సెంటీమీటర్లుంది. చుట్టూ ఉన్న కొవ్వు, కండరాలు కత్తెరతో తీసేస్తే వెనక తెల్లటి తాడు ముక్క లాంటి నరం మిగిలింది. ముందు నల్లగుడ్డు, అందులో అడ్డంగా ఉన్న కనుపాప. మేక తల వంచి గడ్డి మేస్తున్నా ఈ అడ్డగీత నేలకు సమంగానే ఉండేలా కన్ను గుంటలోనే తిరుగుతుందట. 2015లో బర్కిలీ పరిశోధకులు ఈ సంగతి బయటపెట్టారు. ఇంట్లో మేకను చూస్తూ పెరిగిన నాకు ఇది తట్టనేలేదు.

నడిమికి చిన్న గాటు పెట్టి, అక్కడ నుంచి కత్తెరతో చుట్టూ కోశాను. టెంకాయ చిప్పల్లా రెండు సగాలు వచ్చాయి. ముందు సగంలో కటకం. ఈసారి తెల్లబడలేదు. తీసి పేపరు మీద పెడితే కింద అక్షరాలు పెద్దవయ్యాయి. వేళ్ల మధ్య నొక్కితే గట్టిగా, జారుడుగా, నానిన సగ్గుబియ్యం పెద్దదైతే ఎలా ఉంటుందో అలా ఉంది.

వెనక సగంలో గాజులాంటి జిగురు. గిన్నె వంచి మెల్లగా జారనిచ్చాం. కింద సన్నటి పొర, పాల మీద కట్టీ కట్టని మీగడలా. అదే నేత్రపటలం. చూపంతా జరిగేది అక్కడే. అది ఒక్క చోట, నరం బయలుదేరే చోట మాత్రమే గట్టిగా అతుక్కుని ఉంది. మిగతా అంతా తాకితే జరిగిపోతోంది. చిమటాతో దాన్ని పక్కకు లాగింది మా అమ్మాయి.

కింద రంగు! నెమలి మెడ రంగు. మధ్యలో పచ్చ, అంచులకు పోయేకొద్దీ నీలం, ఆపైన ఊదా. ఎండ పడేలా గిన్నె తిప్పితే రంగు ఒక చోటి నుంచి ఇంకో చోటికి పరుగెత్తుతోంది. దారం ఉన్న వైపు, అంటే పై సగంలోనే ఆ మెరుపు. కింద సగమంతా కాటుక నలుపు.

దీన్నే టపీటం లూసిడమ్ అంటారు. లాటిన్‌లో మెరిసే తివాచీ అని. మన పాఠ్యపుస్తకాల్లో తెలుగు పేరు కనపడలేదు. ఈ డైరీలో మెరుపు పొర అనే రాసుకుంటున్నాను.

భూతద్దం పెట్టి చూస్తే మెరుపు నిండా సూదిమొనంత ముదురు చుక్కలు. వెనకున్న రక్తనాళాల నుంచి నేత్రపటలానికి రక్తం తెచ్చే సన్నటి గొట్టాలు మెరుపు పొరను పొడుచుకుని వచ్చే చోట్లవి. వీటికి విన్‌స్లో నక్షత్రాలని పేరు, పద్దెనిమిదో శతాబ్దపు శరీరశాస్త్రవేత్త పేరు మీద. పచ్చటి ఆకాశంలో నల్ల నక్షత్రాలు.

పై సగంలోనే ఎందుకు? దీనికి జవాబు మా అమ్మాయే చెప్పింది, నేను ఏడో నిమిషం దాకా నోరు మూసుకుని కూర్చున్నందుకు. కంట్లో బొమ్మ తలకిందులుగా పడుతుంది కదా. నేల మీద నుంచి వచ్చే వెలుతురు పై సగంలో పడుతుంది. ఆకాశం నుంచి వచ్చేది కింద సగంలో. రాత్రి ఆకాశం కొంచెమైనా వెలుతురుగా ఉంటుంది, నేలే చీకటి. సాయం కావలసిన చోటే పొర ఉంది.

ఆ రంగు సంగతి కూడా తేల్చాం. పొర మీద తెల్లకాగితం ఒత్తి తీశాం. ఆకుపచ్చ అంటలేదు. వెనక రక్తనాళాలుండే పొర, అంటే రక్తపటలం, దాని నలుపు మాత్రం కాగితానికీ గ్లవ్స్‌కీ మసిలా అంటింది. అంటే మెరుపు పొరలో పచ్చరంగు పదార్థమేదీ లేదు. సన్నటి కొల్లాజెన్ పోగులు ఒక పద్ధతిగా, సమాన దూరంలో పేర్చి ఉన్నాయి. ఆ దూరాన్ని బట్టి కొన్ని రంగులు బలపడి తిరిగొస్తాయి, కొన్ని ఒకదాన్నొకటి చెరుపుకుంటాయి. సబ్బు బుడగ మీద రంగులు పుట్టేది కూడా ఇలాంటి పద్ధతిలోనే.

పిల్లి, కుక్కల్లో పోగులు కావు, కణాల వరుసలు. వాటి నిండా సన్నటి పుల్లల్లాంటి స్ఫటికాలు. కుక్కలో జింకు, సిస్టీన్ కలిసినవి. పిల్లిలో జింకుతోపాటు రైబోఫ్లేవిన్, అదే మన బి2 విటమిన్. మొసలి కంట్లో, సొరచేప కంట్లో గ్వానిన్ స్ఫటికాలు. ఒకే పనికి ఇన్ని సరుకులు. జీవులు ఈ ఉపాయాన్ని ఒక్కసారి కాదు, వేర్వేరు దారుల్లో మళ్లీ మళ్లీ కనిపెట్టుకున్నాయనడానికి నాకు ఇంతకన్నా మంచి సాక్ష్యం అక్కర్లేదు.

నవంబరు 24, సోమవారం

రెండో కంటి పొరను గాలికి వదిలేశాం. సాయంత్రానికి అంచులు ఎండి పచ్చదనం ముందు నీలానికి జరిగింది, తర్వాత మాసిపోయింది. ఉప్పునీళ్లు రెండు చుక్కలు వేస్తే కొంత రంగు తిరిగొచ్చింది. తడి పోతే పోగులు దగ్గరవుతాయి, దూరం తగ్గితే రంగు నీలం వైపు జరుగుతుంది.

ఇదే పని ఆర్కిటిక్ రెయిన్‌డీర్ కన్ను బతికుండగానే చేస్తుంది. వేసవిలో దాని మెరుపు పొర బంగారు రంగు, నెలల తరబడి చీకటిగా ఉండే చలికాలంలో ముదురు నీలం. లండన్ యూనివర్సిటీ కాలేజీలో గ్లెన్ జెఫరీ బృందం, నార్వేలోని ట్రోమ్సో వాళ్లతో కలిసి 2013లో దీన్ని ప్రచురించింది. చీకట్లో కనుపాప నెలల తరబడి తెరుచుకునే ఉండటంతో కంటిలోపలి ఒత్తిడి పెరిగి, పోగుల మధ్య ద్రవం బయటికి పోయి అవి దగ్గరవుతాయని వాళ్ల వివరణ. ఎండిపోతున్న మేక కంటి ముందు కూర్చుని ఇది చదువుతుంటే ఒళ్లు జలదరించింది.

నవంబరు 30, ఆదివారం

రెండో పని: లాభం కొలవడం. వారమంతా దీనిమీదే ఉన్నాం.

నేత్రపటలంలో మసక వెలుతురును పట్టేవి దండ కణాలు. వచ్చిన వెలుతురంతా అవి పట్టలేవు. కొంత పట్టుబడుతుంది, మిగతాది వెనక్కి దాటిపోతుంది. మన కంట్లో అలా దాటిపోయినదాన్ని నల్లటి పొర మింగేస్తుంది. గేదె కంట్లో మెరుపు పొర తిప్పి పంపుతుంది, దండాలకు రెండో అవకాశం దొరుకుతుంది. దీన్ని బల్ల మీద చూపించడమెలా?

దండ కణాల బదులు బి2 నీళ్లు వాడాం. బి-కాంప్లెక్స్ మాత్ర నూరి నీళ్లలో కలిపి, పలచటి గుడ్డలో వడగడితే పసుపు నీళ్లు. నోట్లు పరీక్షించే ఊదా టార్చి వేస్తే అది పచ్చగా వెలుగుతుంది. ఎంత వెలుతురు పట్టుకుంటే అంత వెలుగు. అంటే ఎంత పట్టుబడిందో కంటికే తెలుస్తుంది. పిల్లి మెరుపు పొరలో ఉన్న పదార్థమే ఇక్కడ వేరే పాత్రలో పనికొచ్చింది.

చెప్పుల పెట్టె లోపల నల్లకాగితం అంటించి, మధ్యలో చిన్న ప్లాస్టిక్ డబ్బాలో ఆ నీళ్లు. ముందు నుంచి టార్చి. వెనక ఒకసారి నల్లకాగితం, ఒకసారి అద్దం. ఫోనులో వెలుతురు కొలిచే యాప్.

మొదటి రోజు ఫోను ముందు వైపే పెట్టాను. అద్దం పెట్టగానే అంకె ఎగిరిపోయింది, ఇద్దరం సంబరపడ్డాం. రాత్రి పడుకున్నాక తప్పు తట్టింది. నీళ్లలో పుట్టిన పచ్చ వెలుతురు కూడా అద్దం మీద పడి ముందుకొస్తోంది. అది లాభం కింద లెక్కకు రాదు. మర్నాడు ఫోను పక్క వైపుకు మార్చి, ఊదారంగు సోకకుండా సెన్సారు మీద పసుపు జిలెటిన్ పేపరు అంటించాం. ఇంకో చిక్కు: వెలుతురు తగిలేకొద్దీ బి2 చెడిపోతుంది, అంకె తగ్గుతూ పోయింది. ప్రతిసారీ కొత్త నీళ్లు పోసి, డబ్బా మీద మూత కప్పి ఉంచాల్సి వచ్చింది.

ఐదుసార్లు తీసిన సగటు ఇది. బాగా పలచటి నీళ్లకు నల్లకాగితంతో 7, అద్దంతో 12. చిక్కటి నీళ్లకు 31, 33.

ఈ రెండో జత అంకెల దగ్గర చాలాసేపు ఆగాం. చిక్కటి నీళ్లు మొదటి దెబ్బకే దాదాపు అంతా పట్టేశాయి, అద్దానికి తిప్పడానికి ఏమీ మిగల్లేదు. పలచటి నీళ్లలో ఎక్కువ భాగం తప్పించుకుంది కాబట్టే అద్దం అక్కరకొచ్చింది. కానీ ఎంత పలచగా చేసినా అంకె రెట్టింపు దాటదు, దాటలేదు కూడా. వెళ్లడం ఒకసారి, రావడం ఒకసారి, అంతే కదా. మనిషికి కావలసిన వెలుతురులో ఆరో వంతుతో పిల్లి చూడగలదని కొలిచినవాళ్లున్నారు. ఆ ఘనతంతా మెరుపు పొరకే కట్టబెట్టకూడదని ఈ చెప్పుల పెట్టె చెబుతోంది. పెద్దగా తెరుచుకునే కనుపాప, కిక్కిరిసిన దండ కణాలు, ఇవి లేకుండా లెక్క కుదరదు.

ఇంకో సంగతి. మన టార్చికి మెరిసి కనిపించే వెలుతురు జంతువు చూసిన వెలుతురు కాదు. రెండుసార్లూ పట్టు తప్పించుకుని బయటికొచ్చేసిన మిగులు. చెరువు మలుపులో నన్ను ఆపింది గేదె వాడుకోగా మిగిలిన వెలుతురే.

దీనికి నష్టం లేదా? ఉంది. తిరిగొచ్చే వెలుతురు కాస్త చెదురుతుంది, బొమ్మ అంచులు మసకబారతాయి. పగటి వెలుగులో సన్నని వివరాలు చూడటంలో పిల్లి మనకన్నా చాలా వెనక ఉండటానికి ఇదీ ఒక కారణం. మనం పదును తీసుకున్నాం, అవి రాత్రిని తీసుకున్నాయి.

డిసెంబరు 7, ఆదివారం

మూడో పని, కన్ను తయారీ. గోళీ సోడా బండి దగ్గర పగిలిన సీసాల్లోంచి ఐదు గోళీలు తెచ్చుకున్నాం. ఒక్కోటీ 16 మిల్లీమీటర్లు. గాజు బంతిలోకి వెళ్లిన వెలుతురు బంతి వెనక కొంచెం దూరంలో చుక్కగా చేరుతుంది. మామూలు గాజుకు ఆ చోటు వ్యాసార్థంలో సగం, అంటే మా గోళీ వెనక 4 మిల్లీమీటర్లు.

సీసా మూతలో గోళీ బిగించి, వెనక అల్యూమినియం రేకు. మధ్యలో కాగితం ముక్కలు పేర్చుకుంటూ దూరం మార్చాం. నాలుగు దగ్గర మసకే. మూడుకు తగ్గిస్తే వెలిగింది. రెండున్నర దగ్గర, వరండా చివర నుంచి నుదుటి లైటు వేస్తే గేదె కన్నే! లెక్క తప్పు కాదు. నాలుగన్నది గోళీ నడిమిలోంచి పోయే కిరణాలకు. అంచుల్లోంచి పోయేవి ఇంకా ముందే కలుస్తాయి. రెంటికీ రాజీ రెండున్నర.

రేకు తీసి నల్లకాగితం పెడితే గోళీ ముందు వైపు చిన్న తళుకు తప్ప ఏమీ లేదు. అది మన కన్ను.

1934లో ఇంగ్లండులో హాలిఫాక్స్ దగ్గరి పెర్సీ షా పేటెంటు తీసుకున్న రోడ్డు బిళ్లలు కూడా ఇవే, గాజు వెనక అద్దం. వాటికి పేరు కూడా పిల్లి కళ్లనే. మన హైవేల మీది బిళ్లలను ఇప్పటికీ క్యాట్ ఐస్ అనే అంటారు.

డిసెంబరు 10, బుధవారం

చిన్న గమనిక. బడి వెనక కుక్క నెల క్రితం ఈనింది. తల్లి కళ్లు పసుపుపచ్చగా మెరిశాయి. పిల్లల కళ్లు మాత్రం నీలంగా, నీరసంగా. మెరుపు పొర పుట్టుకతో పూర్తికాదు, కుక్కపిల్లల్లో అసలు రంగు రావడానికి నాలుగు నెలలు పడుతుంది. మార్చిలో మళ్లీ చూడాలి.

డిసెంబరు 21, ఆదివారం

రాత్రి ఏడున్నరకు మావయ్య గారు గేదెలను తోలుకొస్తుంటే రెండొందల మీటర్ల దూరం నుంచి లైటు వేసి చూస్తూ నిలబడ్డాం. పన్నెండు నిమిషాల్లో కళ్లు కనిపించింది తక్కువ, మాయమైంది ఎక్కువ. తల వంచితే పోతాయి. పక్కకు తిరిగితే పోతాయి. నెమరేస్తూ రెప్ప వాల్చినా పోతాయి. ఆ రోజు మేం బతికింది ఎంత సన్నటి దారం మీదో ఇవాళ తెలిసింది.

పోయిన వారమంతా నవారు బెల్టులు కుట్టాం. రెండంగుళాల మెరిసే టేపు, కొట్లో రేడియం స్టిక్కరంటే ఇస్తారు, రేడియం మాత్రం అందులో లేదు. భూతద్దంలో చూస్తే నిండా పిండిలాంటి గాజుపూసలు. ప్రతి పూసా ఒక కన్ను, వెనక మెరుపు పొరతో సహా. ముళ్లకంపకు తగులుకుంటే మెడకు ఉరి పడుతుందని మావయ్య గారు భయపడ్డారు. బకిలు తీసేసి టిచ్ బటన్లు పెట్టాం, గట్టిగా లాగితే ఊడిపోతుంది.

బెల్టులు కట్టాక మళ్లీ నిలబడి చూశాం. కళ్లు ఆరుతూ వెలుగుతూ ఉన్నాయి, వాటి కింద నాలుగు తెల్లటి గీతలు ఆరకుండా నడిచొస్తున్నాయి. మమ్మల్ని దాటి వెనక్కి తిరిగాక మాత్రం నాలుగూ చీకట్లో కలిసిపోయాయి.

"తోక వైపు కూడా ఏదో ఒకటి కట్టాలమ్మాయ్" అన్నారు మావయ్య గారు. వెనక కాళ్లకు పైన, పేడ అంటని చోటు చూసుకోవాలి. టేపు ఇంకా మూడు మీటర్లుంది.